వెనక చక్రం మీద తడి

“బయటంతా కడుగు, అద్దాలు తుడువు. బానెట్ జోలికి మాత్రం పోకు.”

కారు కొన్న రోజు బాలస్వామి భార్యతో అన్న మాట అది. అప్పటికే ఇద్దరి చేతులు మారిన పాత తెల్లకారు. ఆయన బీరువా అర ముట్టకూడదు, ఆయన ఫోను చూడకూడదు, ఇదీ అలాంటిదే అనుకుని జయకుమారి సర్దుకుంది. మార్టూరులో రాయి కోసే మిల్లులున్నంత కాలం రాతిపొడికి కొదవేముంది? సాయంత్రానికల్లా కారు బూడిదరంగుకి తిరిగేది. పొద్దున్నే పాలు పొయ్యి మీద పెట్టి, బకెట్లతో నీళ్ళు మోసుకొచ్చి, ముందు పైకప్పు, తర్వాత అద్దాలు, చివర్న గొంతుక్కూర్చుని చక్రాలు కడిగేది. ఆ తర్వాత వంట, బాక్సులు, అత్తగారు మాణిక్యమ్మకు వేణ్ణీళ్ళు, ఏడో తరగతి చదివే కూతురు అనూషకు జడలు. అవన్నీ అయ్యాక తను పాఠాలు చెప్పే ప్రైవేటు బడికి షేర్ ఆటోలో ఓ మూల ఇరుక్కుని వెళ్ళేది. తను కడిగిన కారు బాలస్వామితో గ్రానైటు పాలిషింగ్ యూనిట్‌కి వెళ్ళేది. అక్కడాయన సూపర్‌వైజరు.

బాలస్వామి చెయ్యి చేసుకునే మనిషి కాదు. తాగడు. ఆదివారం చర్చిలో ముందు వరసలో కూర్చుంటాడు. “నీకేమే, అదృష్టవంతురాలివి” అంటుంది జయకుమారి అక్క. ఆ అదృష్టం ఎలా ఉంటుందో అక్కకి ఎప్పుడూ చెప్పలేకపోయింది. ఏమని చెప్పాలి? కోపమొస్తే ఆయన గొంతు పెరగదు, తగ్గుతుంది. తగ్గి తగ్గి ఆగిపోతుంది. ఇక ఎన్నాళ్ళు మాట్లాడడో తెలియదు. కంచం పెడితే పక్కకి జరిపి, లేచి తనే వడ్డించుకుంటాడు. “మీ అమ్మకి చెప్పు, చొక్కాకి గుండీ ఊడిందని” అంటాడు, జయకుమారి ఎదురుగా నిలబడి ఉండగానే, కూతురితో. ఒకసారి దసరా సెలవుల్లో, తన తమ్ముడి ముందు ఆయన చెప్పిన లెక్కేదో సరిచేసినందుకు ఆ మౌనం క్రిస్మస్ దాకా సాగింది. పండగ రోజు కొత్త చీర కట్టుకుని ఆయన పక్కన నిలబడి ఫోటో దిగుతూ, ఈయన ఇప్పుడైనా ఒక్క మాట మాట్లాడితే బాగుండునని లోపల్లోపల ప్రార్థన చేసుకుంది. దెబ్బలైతే ఎవరికైనా చూపించవచ్చు. దీన్నేం చూపిస్తుంది? అందుకే గేటు చప్పుడైతే చాలు, ఆమె కళ్ళు ఇల్లంతా ఒకసారి తిరిగొస్తాయి. పంపు కట్టేసి ఉందా, చెప్పులు సరిగ్గా ఉన్నాయా, టీవీ గొంతు తగ్గించి ఉందా. ఏ తప్పూ లేకపోయినా వెదుకుతుంది. తప్పు ఎక్కడ దొరుకుతుందో ఆయనకే తెలుసు గనుక.

ఆ చలికాలం ఓ పొద్దున చక్రాలు కడుగుతుంటే బానెట్ లోపల్నించి పిల్లి కూన అరుపు వినపడింది. బాలస్వామి స్నానానికి వెళ్ళాడు. ఇంకాసేపట్లో వచ్చి కారు స్టార్ట్ చేస్తాడు. ఇంజను తిరిగితే కూన ఏమవుతుందో ఊహించుకోలేకపోయింది. స్టీరింగు కింద మీట ఎలా లాగుతాడో చాలాసార్లు చూసింది. లాగింది. టప్పున చప్పుడైతే స్నానాలగది వైపు చూసింది. మగ్గు చప్పుడు వస్తూనే ఉంది. బానెట్ ఎత్తగానే కూన ఆమె మోచేతి మీదుగా దూకి గోడెక్కి పారిపోయింది.

ఆమె మాత్రం అలాగే నిలబడిపోయింది. వైర్లు, గొట్టాలు, మూతలు, వాటన్నిటి మీదా జిడ్డుతో కలిసి గట్టిపడిన రాతిపొడి. తన చెయ్యి పడని చోటు గనకే ఇలా ఉంది అనిపించింది. ఓ పక్కన చిన్న తెల్ల ప్లాస్టిక్ డబ్బా కనిపించింది. మూత మీద ఇంగ్లీషు అక్షరాలు. కొంగుతో తుడిచి చదివింది. బ్రేకులకు సంబంధించిన ఆయిల్. డబ్బా మీద రెండు గీతలున్నాయి. ఆయిల్ కింది గీత కంటే కిందే ఉంది.

మగ్గు చప్పుడు ఆగింది. బానెట్ దించి, రెండు చేతులతో అదిమి, బకెట్ అందుకుంది.

ఆ రోజు నుంచి ఆమెకి కొత్త భయం పట్టుకుంది. చపాతీలు ఒత్తుకుంటూ, చెవిలో ఒకవైపే ఇయర్‌ఫోను పెట్టుకుని, ఫోన్లో కార్ల రిపేరు వీడియోలు చూసేది. ఆయన వంటింట్లోకి వస్తే వేలితో ఒక్క తోపు తోసి ఉసిరికాయ పచ్చడి వీడియో పెట్టేది. బడిలో పిల్లలకి పాఠం చెప్పే మనిషికి పాఠం నేర్చుకోవడం ఏమంత కష్టం? ఇంజన్ ఆయిల్ చూడటానికి పుల్ల ఎలా తీయాలో, తుడిచి మళ్ళీ ఎలా ముంచాలో తెలిసింది. వేడిగా ఉన్నప్పుడు రేడియేటర్ మూత ఎందుకు తిప్పకూడదో తెలిసింది. బ్యాటరీ వైర్లు తీయాల్సి వస్తే నల్లది ముందెందుకు తీస్తారో తెలిసింది. ఆయన స్నానానికి వెళ్ళినప్పుడల్లా బానెట్ ఎత్తి చూసి, ఆయన బయటికొచ్చేలోపు దించేసేది. సొంత ఇంట్లో దొంగతనం చేస్తున్నట్టుండేది. ఇంజన్ ఆయిల్ బాగానే ఉంది. నీళ్ళు బాగానే ఉన్నాయి. తెల్లడబ్బాలో మాత్రం మట్టం దిగుతోంది.

తర్వాత ఓ పొద్దున వెనక ఎడమ చక్రం కడుగుతుంటే లోపలి వైపు రాతిపొడి నల్లగా, ముద్దగా అంటుకుని ఉంది. మిగతా మూడు చక్రాల మీద పొడి పొడిగానే ఉంది. వేలితో తాకింది. నీళ్ళు కాదు. జారుతోంది. ఇంజన్ ఆయిల్ వాసనా కాదు. అక్కడే మోకాళ్ళ మీద కూర్చుండిపోయింది. డబ్బాలో తగ్గుతున్నది ఇక్కడికొస్తోంది.

ఆ రాత్రి భోజనాల దగ్గర ధైర్యం చేసింది. 

“ఏమండీ, కారు ఒకసారి బుడేకి చూపిస్తారా? బ్రేక్ ఆయిల్ కారిపోతున్నట్టుంది. వెనక చక్రం తడిగా ఉంటోంది.”

బుడే అంటే బస్టాండు పక్కన షెడ్డు పెట్టుకున్న మెకానిక్కు.

బాలస్వామి ముద్ద కలపడం ఆపాడు. “బ్రేక్ ఆయిలా? నీకెట్టా తెలుసు?”

“డబ్బాలో తగ్గిందండీ…”

“బానెట్ ఎత్తావా?”

గొంతు తగ్గింది. జయకుమారి పిల్లి కూన సంగతి చెప్పబోయింది. ఆయన ఉన్నట్టుండి నవ్వాడు. “అమ్మా, విన్నావా? నీ కోడలు మెకానిక్కయింది. రేపట్నుంచి బుడే షెడ్డు మూసుకోవాల్సిందే.” అనూష కంచంలోకి చూసింది. ఆయన భార్య వైపు తిరిగాడు. “చక్రాలు కడిగేది నువ్వేగా, తడి ఉండక ఏముంటది? కూరలో ఉప్పు ఎక్కువైంది, ముందు అది చూసుకో.”

ఆదివారం చర్చి అయ్యాక అందరూ మేదరమెట్లలో బంధువుల ఇంటికి బయల్దేరారు. మాణిక్యమ్మ ముందు సీట్లో, జయకుమారీ అనూషా వెనక. హైవే మీద వాళ్ళ ముందు గ్రానైటు లారీ పోతోంది. గొలుసులతో కట్టిన రాయి గదంత ఉంది. జయకుమారి రాయి వైపు చూడలేదు. సీట్ల సందులోంచి భర్త కాలి వైపే చూస్తోంది. ఉన్నట్టుండి లారీ నెమ్మదించింది. ఆయన బ్రేక్ తొక్కాడు. పెడల్ నేలదాకా పోయింది. మళ్ళీ తొక్కాడు. మళ్ళీ. రాయి అద్దం నిండా వచ్చేసింది. అనూష “నాన్నా” అని అరిచింది. జయకుమారి కూతురి తలని తన ఒళ్ళోకి అదిమి, దాని మీదకి వంగిపోయింది. కారు పక్కకి కోసుకుపోయి, మట్టిలో దిగి ఆగింది.

బాలస్వామి దిగి లారీ వైపు చెయ్యి ఊపుతూ తిట్టాడు. తిరిగొచ్చి, “రోడ్డు మీద ఆయిలేదో పడింది, జారింది” అన్నాడు. ఎవరూ అడగకపోయినా ఇంటికెళ్ళేదాకా ఆ మాట మళ్ళీ మళ్ళీ అన్నాడు. ఆయన మెడ మీద చెమట వెనక నుంచి ఆమెకు కనిపిస్తూనే ఉంది. ఆయనా భయపడ్డాడు. అది చూసి మరీ భయం వేసింది ఆమెకి. భయపడి కూడా బుడే దగ్గరికి వెళ్ళడు. వెళితే భార్య చెప్పింది నిజమవుతుంది.

ఆ వారమంతా యూనిట్‌కి మెల్లగా తోలుకుపోయాడు. శనివారం సింగరాయకొండలో బాలస్వామి పెదనాన్న మనవరాలికి ప్రధానం. అంత దూరం హైవే మీదే. ఆ పొద్దున డబ్బా అడుగున ఆయిల్ కాస్త మెరుస్తోందంతే. లోపలికి వెళ్ళి, “కారు వద్దండీ, బస్సుకి పోదాం” అంది. అద్దం ముందు తల దువ్వుకుంటూ ఆయన వెనక్కి తిరగలేదు. “నోరు మూసుకుని టిఫిన్ పెట్టు.”

టిఫిన్ పెట్టింది. అనూషకి జడలు వేసింది. అత్తగారికి పట్టుచీర కుచ్చిళ్ళు సర్దింది. సర్దుతుంటే ఆ ముసలి పాదాలు కనిపించాయి. ముందు సీట్లో కూర్చునే పాదాలు. ఆయన చొక్కా ఇస్త్రీ బాగాలేదని గదిలో గొణుక్కుంటున్నాడు. జయకుమారి చప్పుడు కాకుండా బయటికొచ్చి, డిక్కీలోంచి స్పానరు తీసింది. బానెట్ ఎత్తింది. స్పానరు రెండుసార్లు నట్టు మీద నుంచి జారింది. కరెంటు కొడుతుందేమోనని చేతికి పాతగుడ్డ చుట్టుకుంది. నల్లవైరు ఊడొచ్చింది. దాన్ని పక్కకి వాల్చి, బానెట్ దించి, స్పానరు హ్యాండ్‌బ్యాగులో వేసుకుంది.

అందరూ ఎక్కారు. తాళం తిప్పితే చిన్న చప్పుడు కూడా రాలేదు. బాలస్వామి దిగి బానెట్ ఎత్తాడు. జయకుమారి కూడా దిగి పక్కన నిలబడింది. పట్టుబడిపోయాననే అనుకుంది. ఊడిన వైరు ఎదురుగా పడి ఉంది. ఆయన ఓ గొట్టాన్ని నొక్కాడు. ఏదో మూత తిప్పి మళ్ళీ బిగించాడు. హారను వైరు కదిపి చూశాడు. నల్లవైరు మీదుగా ఆయన చూపు పోయింది, వచ్చింది, మళ్ళీ పోయింది. ఎక్కడా ఆగలేదు.

అప్పుడు అర్థమైంది ఆమెకి. ఈయనకి తెలియదు. తనకి చెప్పకుండా దాచిన విద్య ఏదో ఉందనుకుంది ఇన్నాళ్ళూ. దాచడానికి ఆయన దగ్గర ఏమీ లేదు. ఏమీ తెలియని మనిషి చేతిలో బిడ్డని పెట్టి, వెనక సీట్లో నోరు మూసుకుని ఇన్నేళ్ళు కూర్చుంది.

“బ్యాటరీ దిగినట్టుంది. తోస్తే స్టార్టవుద్ది” అన్నాడాయన, బానెట్ దించి సీట్లో కూర్చుంటూ. “జయా, ఎనకనించి తొయ్యి.”

వెనక్కి నడిచింది. డిక్కీ మీద రెండు చేతులూ ఆనించింది. వెనక అద్దంలోంచి అనూష జడలు కనిపిస్తున్నాయి, కొత్త రిబ్బన్లతో. తోయమన్నాడు. తోస్తే బిడ్డని తన చేతులతోనే లారీ కిందకి తోసినట్టు.

చేతులు తీసేసింది. డ్రైవరు కిటికీ దగ్గరికొచ్చింది. 

“బ్యాటరీ వైరు నేనే పీకాను” అంది. “బ్రేకులు లేవు ఈ కారుకి. పాపని ఎక్కించను.”

“పెట్టు” అన్నాడు బాలస్వామి, తగ్గిన గొంతుతో.

“పెట్టను.”

“జయా.”

ఇంకొక్కసారి పేరు పిలిస్తే పెట్టేసేదేమో. ఇంతలో ముందు తలుపు తెరుచుకుంది. మాణిక్యమ్మ పట్టుచీర కూడదీసుకుంటూ మెల్లగా దిగుతోంది. 

“నువ్వెక్కడికే అమ్మా?” అన్నాడు కొడుకు.

“బస్టాండుకి. మొన్న లారీ ఎనక నేను నీ పక్కనే కూర్చున్నా గదరా. రోడ్డు మీద ఆయిలూ లేదు, ఏమీ లేదు. నీ కాలు చూశా.” మనవరాలి వైపు చెయ్యి చాచింది. “దిగవే అమ్మాయ్.”

బాలస్వామి పక్కింటివాళ్ళ మోటారు సైకిలు అడిగి ఒక్కడే వెళ్ళాడు. వాళ్ళు ముగ్గురూ బస్సులో వెళ్ళారు. ప్రధానంలో ఆయన ఆమె వైపు చూడలేదు. సాయంత్రం ఇంటికొచ్చాక జయకుమారే బుడేకి ఫోను చేసి రమ్మంది. అతను వెనక చక్రం ఊడదీసి, లోపల వేలు పెట్టి చూపించాడు. “బ్రేకు సిలిండరు పూర్తిగా లీకమ్మా. ఇట్టాంటి బండేసుకుని హైవే ఎక్కారా?” బాలస్వామి వరండాలో పేపరు చదువుతూనే ఉన్నాడు. కారు బాగయింది. మౌనం మొదలైంది. ఆమె ఎప్పట్లాగే చప్పుళ్ళకి ఉలిక్కిపడుతూ, కంచం పెడుతూ, జరిపిన కంచం తీస్తూ రోజులు గడిపింది.

కొన్నాళ్ళకి ఆదివారం మధ్యాహ్నం పాస్టరు గారూ చర్చి పెద్దలూ ఇంటికొచ్చారు. జయకుమారి టీ గ్లాసులు ట్రేలో పెట్టుకుని వరండాలోకి వచ్చేసరికి మాటలు కారు మీదికి మళ్ళాయి. 

“పెద్ద గండమే తప్పిందంటగా స్వామీ!” అన్నాడొక పెద్దమనిషి.

“దేవుడి దయండి. బ్రేక్ ఆయిల్ తగ్గతంటే నాకు ముందే అనుమానమొచ్చింది. ఆడాళ్ళేమో ఎక్కి కూర్చున్నారు. నేనే దించేసి, బస్సుకి పంపించా” అన్నాడు బాలస్వామి, గ్లాసు అందుకుంటూ.

పాస్టరు గారు మెచ్చుకోలుగా తలాడించారు. మాణిక్యమ్మ గుమ్మం దగ్గర కూర్చుని కోడలి మొహం చూస్తోంది. ట్రేలో గ్లాసులు ఒకదానికొకటి తగిలి చిన్నగా మోగుతున్నాయి. జయకుమారి ట్రే బల్ల మీద పెట్టేసింది.

“లేదండీ” అంది. “మీకు అనుమానం రాలేదు. నేను చెప్పాను. మీరు నవ్వారు.”

ఎవరూ టీ తాగలేదు. 

“లోపలికెళ్ళు” అన్నాడు బాలస్వామి.

ఆమె వెళ్ళలేదు. మూలనున్న కుర్చీ లాక్కుని, వాళ్ళందరి మధ్యా వేసుకుని కూర్చుంది.