తగరం ఏడ్చిందన్నాడు మా అన్నయ్య

మా అన్నయ్య కూతురి సైన్సు పుస్తకంలో మూలకాల పట్టిక ఉంది. ఒక్కో మూలకం పక్కన దాన్ని ఎవరు కనిపెట్టారో, ఏ సంవత్సరంలో కనిపెట్టారో రాశారు. తగరం దగ్గరికొచ్చేసరికి ఒక గీత గీసి, "ప్రాచీన కాలం నుంచి తెలుసు" అని చేతులు దులుపుకున్నారు. సీసానికీ అంతే. తెలుసట! ఎవరికి తెలుసు? పొగలో కూర్చుని కళ్ళు పాడుచేసుకున్న మాలాంటి వాళ్ళకి తెలుసు. వాళ్ళ పేరు రాయడానికి మాత్రం ఎవరికీ చెయ్యి రాలేదు.

అందులోనే ఇంకో ముక్క ఉంది. పూర్వం రోమన్లు తగరాన్ని తెల్ల సీసం అని, అసలు సీసాన్ని నల్ల సీసం అని పిలిచేవారట. చదివినప్పుడు నవ్వొచ్చింది. ఇప్పుడు ఆ పుస్తకం కనబడితే విసిరికొట్టాలనిపిస్తోంది.

మాది కళాయి పని. రాగి, ఇత్తడి గిన్నెల్లో పులుపు వండితే చిలుమెక్కుతుంది కదా, అందుకని లోపల తగరం పూస్తాం. నేను గిన్నె తోముతాను, కొలిమి తిత్తి కొడతాను. గిన్నె కాగాక అన్నయ్య నవాసారం పొడి చల్లి తగరం కడ్డీ తాకిస్తాడు. అది కరిగి జారుతుంటే దూది ఉండతో గుండ్రంగా ఒక్క తిప్పు తిప్పుతాడు, లోపలంతా తెల్లగా మెరిసిపోతుంది. ఆ తిప్పు నాకు ఈ జన్మకి రాదు. పనిలో మా అన్నయ్యకి వంక పెట్టడానికి లేదు. ఇంత కోపంలోనూ ఆ మాట ఒప్పుకుంటాను.

తగరానికి ఒక గుణముంది. మంచి కడ్డీని చెవి దగ్గర పెట్టుకుని వంచితే కిరకిరమంటుంది. మేం దాన్ని ఏడుపంటాం. సీసం కలిపితే ఆ ఏడుపు పోతుంది, కడ్డీ మూగదైపోతుంది. అందుకే కొనేటప్పుడు ఒక్కొక్క కడ్డీనీ వంచి వింటాం. పూసేవాడే వినాలి, ఇంకెవరూ కడ్డీ ముట్టుకోకూడదని మా నాన్న పెట్టిన నియమం. లోహాల కొట్టువాడికీ ఒక నియమం ఉంది. మనం విని తలూపామా, సరుకు మనదే, ఇక వెనక్కి తీసుకోడు.

మొన్న మంగళవారం అన్నయ్య భోజనానికి లోపలికెళ్ళాడు. ఎవరో గరిటె ఒకటి అర్జెంటంటూ ఇచ్చి వెళ్ళారు. చిన్న ముక్క చాలు కదా అని కొత్త కడ్డీ తీసి విరుద్దామని వంచాను. చప్పుడు లేదు. మళ్ళీ వంచాను. నా చెవులకే దిబ్బడేసిందేమో అనుకుని, అరలో పడున్న పోయినేటి ముక్క తీసి వంచాను. కిర్రుమంది! కొత్త కడ్డీని కాగితం మీద రుద్దితే నల్లగా గీత పడింది. పాత ముక్కతో ఎంత రుద్దినా పడలేదు. 

అన్నయ్య చెయ్యి తుడుచుకుంటూ వచ్చాడు. ఏమీ ఎరగనట్టు ఆ కొత్త కడ్డీ చేతిలో పెట్టి, "ఇది ఏడుస్తోందేమో ఓసారి చూడు" అన్నాను. చెవి దగ్గర పెట్టుకున్నాడు. కళ్ళు మూసుకున్నాడు. మా నాన్న ఎలా వంచేవాడో అచ్చం అలాగే వంచాడు.

"ఏడ్చింది" అన్నాడు. "శుభ్రంగా ఏడ్చింది."

అటు తిరిగి పని మొదలెట్టాడు. వెనక నిలబడి, "అన్నయ్యా, ఇల్లు తగలబడుతోంది" అన్నాను. తిరగలేదు. "వదిన పుట్టింటికి వెళ్ళిపోతోంది" అన్నాను. ఊహూఁ. దూది ఉండలు చుట్టుకుంటూ కూర్చున్నాడు మహానుభావుడు!

అప్పుడు అరికాలి మంట నెత్తికెక్కింది. భుజం పట్టుకుని ఇటు తిప్పాను. "ఎన్నాళ్ళయింది నీకు వినబడక?"

నీళ్ళు నమిలాడు. "పెద్ద గిన్నెల్లో తల పెట్టి సొట్టలు తీసీ తీసీ... రెండేళ్ళుగా సన్నటి చప్పుళ్ళు పోయాయి. ఎదురుగా ఉంటే పెదాలు చూసి తెలుసుకుంటాను. కడ్డీ వంగేటప్పుడు వేళ్ళకి జివ్వుమంటుంది కదా, దానితో నెట్టుకొస్తున్నాను."

"దీనికి జివ్వుమందా?"

కడ్డీని అటూ ఇటూ తిప్పి చూశాడు.

"అడుగుతున్నది నిన్నే! జివ్వుమందా?"

"లేదు. వేళ్ళు మొద్దుబారాయేమో అనుకున్నాను."

"నాతో చెప్పడానికేం? నీ పక్కనేగా చస్తున్నాను రోజూ!"

"పూసేవాడే వినాలన్నాడు నాన్న" అన్నాడు తల దించుకుని. "వినబడదంటే నేనింక పూసేవాణ్ణెలా అవుతాను?"

ఆ మాటకి జాలేసింది, నిజమే. ఆ జాలి మీద కూడా కోపమొచ్చింది నాకు. అన్నయ్యకి కావలసినవే వినబడతాయి అని ఇన్నాళ్ళూ ఇంట్లో అందరం వేళాకోళం చేసుకున్నాం. అందరికంటే ముందు నవ్వింది నేనే.

ఆ కడ్డీ పట్టుకుని తిన్నగా లోహాల కొట్టుకి వెళ్ళాను. కొట్టువాడు నిమ్మకు నీరెత్తినట్టు కూర్చుని ఉన్నాడు.

"రా చెల్లెమ్మా" అన్నాడు.

"చెల్లెమ్మా గిల్లెమ్మా అన్నావంటే ఈ కడ్డీతోనే కొడతాను. సీసం కలిపి అమ్ముతావా?"

"ఆయనే విన్నాడు, ఆయనే తలూపాడు, ఆయనే మోసుకెళ్ళాడు. నన్నంటావేంటి?"

"ఆయనకి వినబడదని నీకు తెలుసు!"

"తెలియందెవరికి? రెండేళ్ళుగా వెనకనుంచి ఎంత పిలిచినా పలకడు" అని నవ్వాడు. "మీ ఇంట్లో తెలియదా ఏంటి?"

వాణ్ణి చెడామడా తిట్టిపోశాను. తిట్లకి లోటు చెయ్యలేదు. కానీ వాడి నవ్వు ఇంటిదాకా వెంటబడింది. ఊళ్ళో వాడికి తెలిసింది, పక్కన కూర్చుని తిత్తి కొట్టేదాన్ని నాకు తెలియలేదు. దూది ఉండలు మామూలు కంటే నల్లగా వస్తున్నాయని నేను చూశాను. చూసి, బొగ్గు మంచిది కాదేమో అనుకుని ఊరుకున్నాను.

ఇంటికి రాగానే అన్నాను, "ఈ కడ్డీలతో పూసినవి ఏవేవో చెప్పు."

అన్నయ్య అప్పటికే చెప్పులు చూసుకుంటున్నాడు, పారిపోవడానికో ఏమో. "ఒక్క హాస్టలు వంటింటివే. ఆ పనికనే తెచ్చాను వీటిని. పదకొండు గిన్నెలు. రెండు నెలలయింది."

ఆడపిల్లల హాస్టలది. రెండు నెలలుగా, రెండు పూటలా, పులుపూ ఉప్పూ ఆ సీసపు విషంలోనే ఉడుకుతున్నాయి.

"నోరు మూసుకుని మళ్ళీ పూసి ఇచ్చేద్దాం" అన్నాడు. "మెరుగు తగ్గిందని చెప్పి తెచ్చుకుందాం. నిజం చెప్పామంటే రేపటినుంచి మన గుమ్మంలోకి ఒక్క గిన్నె రాదు."

"రాకపోతే మానె. తెచ్చుకునేసరికి ఇంకెన్ని పూటలు తింటారు? ఇప్పటిదాకా తిన్నదాని సంగతేంటి? డాక్టరుకి చూపించుకోవద్దా వాళ్ళు?" గొంతు పగిలేలా అరిచాను. అరవకపోతే వినబడదు కదా మరి. "నువ్వు చెప్తావా, నన్ను చెప్పమంటావా?"

చెప్పులు వదిలేసి కొలిమి ముందు కూలబడ్డాడు. తరవాత లేచి చొక్కా వేసుకున్నాడు. "నేనే పూశాను, నేనే చెప్తాను" అన్నాడు. మళ్ళీ కూర్చుంటాడేమోనని దారి పొడుగునా పక్కనే నడిచాను.

హాస్టలు వంటింట్లో పొయ్యిలన్నీ మండుతున్నాయి. పిల్లలు కంచాలు పట్టుకుని గుమ్మందాకా వరసలో నిలబడ్డారు. వంటావిడ పెద్ద గిన్నెలో గరిటె తిప్పుతోంది.

"అమ్మా, వడ్డించొద్దు" అన్నాడు అన్నయ్య. "ఈ గిన్నెల్లో సీసం ఉంది. నాకు చెవులు వినబడవు. వినబడిందని చెప్పి కొన్నాను. తప్పు నాది."

నీళ్ళు నమలలేదు, కొట్టువాడి మీదకి తొయ్యలేదు. చెప్పేసి ఇక ఎవరి మొహమూ చూడలేక పొయ్యి మీది గిన్నె వంక చూస్తూ నిలబడ్డాడు.

వంటావిడ గరిటె పక్కన పెట్టింది. తిడుతుందనుకున్నాను. తిట్టలేదు. వరస చివర గోడకానుకుని కూర్చున్న ఒక పిల్ల వైపు చూపించింది.

"ఆ పిల్లకి పదిహేను రోజులుగా కడుపులో నొప్పి" అంది చిన్నగా. "ముద్ద దిగట్లేదంటోంది. బడి ఎగ్గొట్టడానికి నాటకాలాడుతున్నావా అని, నేనే బలవంతాన తినిపిస్తున్నాను."

అన్నయ్య గిన్నెనే చూస్తున్నాడు. ఆవిడ పెదాలు చూడలేదు.

"ఏమంది?" అన్నాడు నాతో.

నేను ఆ పిల్లనే చూస్తున్నాను.

"ఏమందే?"

"పిల్లకి కడుపులో నొప్పట" అన్నాను. నా వైపు చూడకుండానే చెయ్యి చెవి దగ్గర పెట్టుకుని ఇంకాస్త ముందుకు వంగాడు.

"పిల్లకి నొప్పట, అన్నయ్యా!"

అర్థం కాలేదన్నట్టు తల అడ్డంగా ఊపాడు. చెవి దగ్గర నోరు పెట్టి గట్టిగా అరిచాను. "మనం పూసిన గిన్నెల్లో తిని, ఆ పిల్లకి నొప్పట!"

కంచాలు పట్టుకున్న పిల్లలంతా ఇటు తిరిగారు. గోడ దగ్గరి పిల్ల కూడా తలెత్తి చూసింది. వాళ్ళందరికీ వినబడ్డాక, అప్పటికి గానీ మా అన్నయ్యకి వినబడలేదు.