తాళం వేయని తలుపు

మా నాన్న తాళాలు బాగుచేస్తాడు. ఆయనకు చూపు మందగించిన ఈ రెండేళ్ళూ పని నాది, పేరు ఆయనది. కొట్టు వెనకగదిలో కూర్చుని ఎంత మొండి తాళమైనా నేను తీస్తాను. ముందు నిలబడి మెప్పులు ఆయన తీసుకుంటాడు.

ఇవాళ పొద్దున తొమ్మిదింటికి బీరువాల కంపెనీలో తాళాలు తీసే ఉద్యోగానికి నాకు పరీక్ష. "ఆడపిల్ల పరాయి కొంపల తాళాలు తీస్తుంటే నా పరువేం కావాలి?" అని నాన్న నిన్నంతా చిందులు తొక్కాడు. నన్ను గదిలో పెట్టి తాళం వేస్తాడని తెలిసే, తాళం తీసే సన్నకమ్మీని జడలో దోపుకున్నాను.

అనుకున్నట్టే పొద్దున తలుపు తోస్తే తెరుచుకోలేదు. కన్నంలో కమ్మీ పెట్టి చూశాను. తాళం వేసే లేదు! వంగి కన్నంలోంచి చూస్తే అమ్మ చీర కనిపించింది. తలుపుకు ఆనించి వేసిన కుర్చీలో కూర్చుని ఉంది. మోకాలి ఆపరేషనై ఇంకా ఇరవై రోజులు కాలేదు.

"అమ్మా, లే. టైమైపోతోంది."

"నావల్ల కాదే తల్లీ. మీ నాన్నే మోసుకొచ్చి కూర్చోబెట్టి కొట్టుకెళ్ళాడు. ఆయనొచ్చి లేపాలి. నువ్వు తోశావంటే పడిపోతాను."

"ఎందుకు ఒప్పుకున్నావే?"

"నన్నెవరడిగారు?"

రెండు చేతులూ తలుపుకు ఆనించి నిలబడ్డాను. అవతల అమ్మ ఏడుపుకు చెక్క సన్నగా అదురుతోంది. గోడగడియారం తొమ్మిది కొట్టింది.

తాళాలు తీయడం నాకు నేర్పింది నాన్నే. నేను తీయలేనిదేదో ఆయనకు తెలియదా?