అక్క తనకు తానివ్వని వేషం

మా అక్క నటిగా ఉన్న రోజుల్లో ఆమెకు అన్నీ ఏడుపు వేషాలే వచ్చేవి. హీరో చెల్లెలు, హీరో వదిన, ముప్పై దాటీ దాటకముందే హీరో తల్లి. ఇంట్లో మేమంతా ఆమెను "కుళాయి" అని ఆటపట్టించేవాళ్లం. ఆమె నవ్వేసి ఊరుకునేది. షాట్ అయ్యాక మాత్రం విశ్రాంతికి పోకుండా కెమెరా పక్కన స్టూలు వేసుకుని కూర్చుని, లెన్స్ ఎందుకు మార్చారు, లైటు అటెందుకు జరిపారు అని అడుగుతూ ఉండేది. విసుక్కునేవాళ్లు విసుక్కున్నారు, చెప్పేవాళ్లు చెప్పారు.

వేషాలు తగ్గాక దిగులుపడుతూ కూర్చోలేదు. కార్టూన్ సినిమాలో ఉడతకు గొంతు అరువిచ్చింది. సబ్బు ప్రకటనలు తీసింది. గని కార్మికుల భద్రత మీద చిన్న సినిమా తీయడానికి తనూ గనిలోకి దిగి, ఒళ్లంతా మసితో ఇంటికొస్తే, అమ్మ గుర్తుపట్టక తలుపు వేసేయబోయింది. దర్శకురాలిగా మొదటి పెద్ద సినిమా హాస్యచిత్రం. హాల్లో నవ్వింది మా నాన్న ఒక్కడే, అదీ కూతురి మీద ప్రేమకొద్దీ. రెండోది దొంగల కథ. అది బాగా ఆడింది. రెంటికీ ఎడిటర్‌ని నేనే.

మూడోది ఓడరేవులో క్రేన్ నడిపే పెద్దావిడ కథ. రేపోమాపో షూటింగ్ అనగా ఆ వేషం వేయాల్సిన నటి మెట్ల మీద జారి కాలు విరగ్గొట్టుకుంది.

"మీరే వేసేయండి మేడమ్. మీకంటే ఎవరున్నారు?" అన్నాడు నిర్మాత. నేనూ వంతపాడాను.

అక్క కళ్లు మెరిశాయి. యూనిఫాం తొడుక్కుని క్రేన్ ఎక్కి ఒక సీను చేసింది. ఎడిటింగ్ గదిలో అది చూసి నిర్మాత చప్పట్లు కొట్టాడు. అక్క మాత్రం మళ్లీ వేయించుకుని చూసింది.

"ఆపరా."

"బాగుంది కదక్కా?"

"బాగానే ఉంది. కానీ ఈవిడ క్రేన్ నడపట్లేదు, నడుపుతున్నట్టు మనకి చూపిస్తోంది. ఈ వేషం ఈవిడకివ్వను."

"ఈవిడంటే నువ్వే కదా!"

"నేనే కాబట్టి మొహమాటం లేకుండా చెబుతున్నా."

మర్నాడు నన్ను వెంటబెట్టుకుని ఒక డ్రైవింగ్ స్కూలుకి వెళ్లింది. అక్కడ నేర్పే ఆవిడ ఒకప్పటి నటి. అక్కకు రావాల్సిన మంచి వేషాలన్నీ ఆవిడే తన్నుకుపోయిందని మా ఇంట్లో ఆవిడ ఊసెత్తితేనే అక్క భగ్గుమనేది. ఇద్దరికీ మాటలు లేక ఏళ్లయింది.

వణికిపోతున్న ఒక కుర్రదాని పక్కన కూర్చుని ఆవిడ కారు తిప్పిస్తోంది. మమ్మల్ని దాటి వెళ్తూ కూడా ఇటు చూడలేదు.

"చూశావా? రోడ్డు తప్ప ఇంకేం పట్టదు దానికి," అంది అక్క, చాలా సంతోషంగా.

కారు దిగి ఆవిడ ఎగాదిగా చూసింది. "ఏంటి, డ్రైవింగ్ నేర్చుకుంటావా?"

"కాదు. నీకు క్రేన్ నేర్పిద్దామని."

"నేనంటే నీకు పడదుగా?"

"పడదు. కానీ ఈ వేషం నాకంటే నువ్వే బాగా చేస్తావు. నేను చేసి చూసుకుని మరీ వచ్చా."

ఆవిడ కళ్లజోడు తీసి కొంగుతో తుడుచుకుంది. అది అంతసేపు తుడవాల్సినంత మురికిగా ఏం లేదు.

"నామీద అరిచావంటే మధ్యలో దిగిపోతా."

"అంత ఎత్తునుంచి దిగి ఎక్కడికి పోతావే?"

ఇద్దరూ పగలబడి నవ్వారు.

షూటింగులో రోజూ పోట్లాడుకున్నారు. అయినా పైకెక్కాక ఆవిడకు కళ్లు తిరిగితే, సీటు వెనక ఇరుకులో నక్కి, మానిటర్ ఒళ్లో పెట్టుకుని, అక్క అక్కడినుంచే సీన్లు తీసింది.

మొదటి ఆట అయిపోయాక హాలంతా లేచి ఆవిడకు చప్పట్లు కొట్టింది. గోడవారగా నిలబడి అందరికంటే గట్టిగా కొడుతున్నది మా అక్క. అలాంటి మనిషి మా ఇంట్లో పుట్టినందుకు నా ఛాతీ ఉప్పొంగిపోయి, రెండు వేళ్లు నోట్లో పెట్టి ఈల వేశాను.

"పరువు తీయకురా!" అంటూ అమ్మ నన్ను మోచేత్తో పొడిచింది. తర్వాత నా చెవి దగ్గరకొచ్చి మెల్లిగా అడిగింది: "అదెలా వేస్తార్రా?"