మూగసంద్రంలో ఒంటితాడి

గోదారి సముద్రంలో కలిసే మొగ దాటి రెండు గంటలు ఇంజను నడిపితే మూగసంద్రం వస్తుంది. అక్కడ అలలు లేస్తాయి, విరుగుతాయి, వాటి చప్పుడు మాత్రం ఉండదు. దాని నడిమధ్య నీళ్లలోంచి ఒక తాడిచెట్టు నిలబడి ఉంటుంది. కొత్తతిప్ప పల్లెవాళ్లు దాన్ని ఒంటితాడి అంటారు. దారి తప్పిన జాలరి ముందు వెతుక్కునేది ఒడ్డునున్న తాడిచెట్లనే కాబట్టి అది మరీ ప్రమాదం. ఒకే నావలో ఉన్న ఇద్దరికి అది ఒకే దిక్కున కనపడదు. ఎవరికి ఎటు కనపడితే అటే తన ఇల్లుందనిపిస్తుంది. అటు వెళ్లినవాళ్లు మళ్లీ రాలేదు. "ఒంటితాడి కనపడిందా, దానికి వీపు పెట్టెయ్. మాయమైపోద్ది" అని పెద్దవాళ్లు వేటకెళ్లే ప్రతివాడికీ చెప్పి పంపేవారు.

పోతురాజుకీ చెప్పారు. 1998 మాఘమాసంలో అన్న గంగయ్యతో కలిసి అతను వేటకెళ్లాడు. మూడో రోజు గంగయ్య ఒక్కడే వచ్చాడు. "పెద్ద అలొచ్చి లాగేసింది" అన్నాడు. ఎంత అడిగినా ఇంకో ముక్క చెప్పలేదు.

శవం దొరకలేదు. పోతురాజు భార్య అప్పాయమ్మ బొట్టు తియ్యలేదు, గాజులు పగలగొట్టనివ్వలేదు. నాలుగేళ్ల కూతురు ఉషారాణిని తన తల్లి దగ్గర వదిలి, మొదటి బస్సుకి చేపల గంపతో రామచంద్రపురం వెళ్లి వీధులు తిరిగేది. ఎవరైనా మీ ఆయన ఏంచేస్తాడని అడిగితే, వేటకెళ్లాడండి అనేది.

అయిదేళ్లు గడిచాయి. ఊళ్లో చిట్టియ్య ఒరిస్సా రేవుల్లో పనిచేసి వచ్చి, అక్కడ పోతురాజుని చూశానన్నాడు. పక్కన ఎవరో ఆడమనిషి కూడా ఉందన్నాడు. పోలికలు చూసి పొరబడ్డాడో, కబుర్ల కోసం అన్నాడో గానీ, ఆ మాట రెండ్రోజుల్లో బడిదాకా పోయింది. ఉషారాణి పుస్తకాల సంచీ కింద పడేసి, "అమ్మా, నాన్నకి అక్కడ ఇంకో పాపుందంట కదా?" అంది.

అప్పాయమ్మ ఆ సాయంత్రమే గంగయ్య ఇంటికెళ్లింది. పెళ్లయి వచ్చాక బావగారి ఎదుట నిలబడి మాట్లాడింది అదే మొదటిసారి. ఆయన అరుగు మీద వల బాగుచేసుకుంటున్నాడు.

"బావగారూ, నిజం చెప్పండి. ఆయన మమ్మల్ని వదిలేసి పోయాడా?"

గంగయ్య చేతిలో దారం ఆగింది. వల పక్కన పెట్టాడు.

"అల కాదమ్మా. ఇంజను ఆగిపోయి మూగసంద్రంలోకి కొట్టుకుపోయాం. తెల్లారేసరికి తాడిచెట్టు కనపడింది. నాకు తూర్పున, వాడికి పడమర. 'అన్నా, మనూరొచ్చేసింది, పద' అన్నాడు. కాదురా, ఇటు అన్నాను. పెద్దోళ్ల మాట ఇద్దరికీ గుర్తు రాలేదు. దాన్ని చూశాక ఏదీ గుర్తుండదు. వాడు దూకేసేడు. చెయ్యి పట్టుకున్నాను. కానీ నా చెట్టు వైపు తెడ్డేసుకోవాలని... నేనే వదిలేసేను."

అప్పాయమ్మ గోడకి ఆనుకుంది.

"కాసేపటికి వాడు ఈదుతున్న చప్పుడు ఆగిపోయింది. ఏమయ్యేడోనని వెనక్కి తిరిగేను. అలా తిరగడంతో నా చెట్టుకి వీపు పెట్టినట్టయింది. తెలివొచ్చింది. వాడు లేడు. వాడికోసం తిరగబట్టి నేను బతికేనమ్మా. ఈ మాట నీకేం మొహం పెట్టుకుని చెప్పను?"

ఆమె తిట్టలేదు. "అయిదేళ్లు దాచేరు. ఇప్పుడు చెప్పింది మాత్రం నేనెలా నమ్మనండి? నన్నక్కడికి తీసుకెళ్లండి" అంది.

గంగయ్య ఎంత చెప్పినా వినలేదు. నాలుగో రోజు పొద్దున్నే బయల్దేరారు. అలల చప్పుడు ఆగిపోయిన చోట గంగయ్య ఇంజను ఆపాడు. ఆమె నడుముకి తాడు కట్టి నావ బల్లకి ముడివేశాడు. తర్వాత తువ్వాలుతో తన కళ్లు గట్టిగా కట్టుకున్నాడు.

చెట్టు ఉత్తరాన కనపడింది. దాని కింద ఒడ్డు, ఒడ్డున తమ పాక. పొయ్యి రాజేసినట్టుంది, కప్పులోంచి పొగ వస్తోంది. గుమ్మంలో నాలుగేళ్ల ఉషారాణి. కుండలో నీళ్లు వంచుకుని కాళ్లు కడుక్కుంటూ పోతురాజు తలెత్తి చూశాడు. ఆలస్యమైందేంటే అన్నట్టు నవ్వాడు.

ఎందుకొచ్చిందో అప్పాయమ్మ మరిచిపోయింది. ముడి విప్పుకుంది.

తాడు జారిన చప్పుడు గంగయ్య విన్నాడు. గుడ్డివాడిలా తడుముకుని ఆమె మణికట్టు దొరకబుచ్చుకున్నాడు. ఆమె గింజుకుంది, రక్కింది, చెయ్యి కొరికింది. "వదలండి, పిల్ల ఎదురుచూస్తోంది!" అని అరిచింది. ఆయన వదల్లేదు. రెండో చేత్తో ఆమె తల వంచి, మొహాన్ని నావ అడుగు చెక్కలకి ఆనించి పట్టుకున్నాడు.

చాలాసేపటికి ఆమె ఒళ్లు వదులైంది.

"మనిల్లే బావగారూ," అంది ఏడుస్తూ. "ఆ రోజు ఆయన మనింటికే వస్తున్నారు."

గంగయ్య కళ్లకి కట్టుకున్న తువ్వాలు తడిసిపోయింది.

ఇంటికొచ్చాక అప్పాయమ్మ కూతుర్ని పక్కన కూచోబెట్టుకుని, "మీ నాన్న ఎక్కడికీ పోలేదమ్మా. ఇంటికొస్తూ చచ్చిపోయేడు" అని చెప్పింది. ఉషారాణి కొంచెం ఆలోచించి, "చాలా దగ్గరికి వచ్చేశాడా?" అని అడిగింది. తల్లి పిల్లని ఒళ్లోకి లాక్కుంది.

పదో రోజు మొగ దగ్గర కర్మ చేయించారు. గాజులు తీయించుకుంటున్నప్పుడు అప్పాయమ్మ ఏడవలేదు. గంగయ్య మళ్లీ నావ ఎక్కలేదు. రావులపాలెం అరటి మార్కెట్టులో గెలలు మోసే పనికి కుదిరాడు.

నెల తిరిగాక అప్పాయమ్మ గంపతో రామచంద్రపురం వెళ్లింది. ఎప్పుడూ చేపలు కొనే ఒకావిడ గేటు తీసి, బోసి నుదురు చూసి కంగారుపడింది.

"అయ్యో, ఎప్పుడు జరిగింది అప్పాయమ్మా?"

అప్పాయమ్మ గంప దించుకుంది.

"మొన్ననేనండి," అని, కత్తిపీట ముందుకి లాక్కుని చేప పొలుసు తీయడం మొదలుపెట్టింది.