పెట్టెలో వేసిన చీటీ

నా భార్య కృపావతి పదమూడేళ్లు దాచుకున్న రహస్యం 1981 ఆగస్టు మొదటి ఆదివారం ఉదయం పోయింది. పోగొట్టింది నేను.

ఆ రహస్యం ఇది. మా కూతురు హెప్సీబా తర్వాత, 1968లో, రెండు రోజుల నొప్పుల మీద ఒక మగబిడ్డ చచ్చి పుట్టాడు. మూడో వారానికే కృపావతి వీధి కుళాయి నుంచి నీళ్లు మోసింది. వన్ టౌన్‌లో మా వాటా కొండవాలు మీద ఉంది. ఇరవై ఎనిమిది మెట్లు. నేను బడికి వెళ్లాక ఆ బిందెలు ఎవరు మోస్తున్నారో నేను అడగలేదు. ఆ ఏడాదే గర్భసంచి కిందికి జారింది. మొదట్లో సాయంత్రమయ్యేసరికి బరువుగా ఉండేది. తర్వాత కోడిగుడ్డంత బయటికి వచ్చేది.

ఆమె దానితో బతకడం నేర్చుకుంది. పొద్దున్నే పక్క మీదనుంచి లేవకముందే, కాళ్లు గోడకు ఆనించి వేళ్లతో లోపలికి నెట్టుకునేది. పక్కింటి జమాలున్నీసా తన మిషను మీద పాత చీరలతో గోచీలాంటి పట్టీలు కుట్టి ఇచ్చేది. లేడీ డాక్టరు అది జారకుండా లోపల రబ్బరు రింగు పెట్టింది. మూడు నెలలకోసారి అది తీసి, కడిగి, మళ్లీ పెట్టించుకోవాలి. ఆ రోజు ఎవరైనా అడిగితే పూర్ణా మార్కెట్టుకని చెప్పేది, వచ్చేటప్పుడు సంచిలో వంకాయలు ఉండేవి. దగ్గు వస్తే కాళ్లు బిగించుకుని నిలబడేది. నవ్వు వస్తే కూర్చునేది. నీళ్లు అప్పటినుంచి నేను మోశాను.

"ఏటి మేస్టారూ, ఆడోల్ల పని సేత్తన్నారు?" అని కుళాయి దగ్గర ముసలమ్మ అనేది. "అమ్మగారు మారాణేటి, కాలు కింద పెట్టదా?"

నేను నవ్వి బిందె ఎత్తుకునేవాణ్ని.

డాక్టరుకూ, జమాలున్నీసాకూ, నాకూ తప్ప ఎవరికీ తెలియదు. కృపావతి మందిరంలో ఆదివారపు బడి నడిపేది. పాట ఎత్తుకునేది కూడా ఆమే.

1981 జూలై చివర, ఇక రింగు నిలవడం లేదని, ఆపరేషన్ చేయాలని డాక్టరు చెప్పింది. సెప్టెంబరు ఏడున రమ్మంది. కృపావతి ఒప్పుకుంది. ఒప్పుకుంది గాని అన్నం సగంలో వదిలేసి లేచేది. అది చూసి నేను చీటీ రాశాను.

మా మందిరం గుమ్మం దగ్గర చెక్కపెట్టె ఉండేది. కష్టం ఉన్నవాళ్లు చీటీ రాసి అందులో వేస్తే, ఆరాధన అయ్యాక పాస్టరుగారు గదిలో ఒక్కరే కూర్చుని చదివి, మోకరించి, ఆ చీటీలు కాల్చేసేవారు. నాకు తెలిసినప్పటినుంచి అదే పద్ధతి. ఆ జూలైలో కొత్త కార్యదర్శి సుందర్ రాజ్ దాన్ని మార్చాడు. సంఘమంతా కలిసి ప్రార్థిస్తే బలం ఎక్కువని, చీటీలు వేదిక మీద నిలబడి చదవడం మొదలుపెట్టాడు. ఆ ఆదివారాలు నేను శిక్షణ తరగతుల కోసం విజయనగరంలో ఉన్నాను. మార్చిన సంగతి కృపావతికి తెలుసు. నాకు చెప్పలేదు. నేను చీటీ రాస్తానని ఆమె అనుకోలేదు.

దేవుడి ముందు డొంకతిరుగుడుగా మాట్లాడటం అబద్ధమని నా నమ్మకం. అందుకని ఉన్నది ఉన్నట్టు రాశాను. "నా భార్య కృపావతికి గర్భసంచి జారి బయటికి వస్తున్నది. మూత్రం ఆగడం లేదు. సెప్టెంబరు ఏడున ఆపరేషన్. భయపడుతున్నది. ప్రార్థించండి." కింద శుభాకర్ అని సంతకం చేశాను.

సుందర్ రాజ్ దాన్ని నాలుగో చీటీగా చదివాడు. నా అక్షరాలు గుండ్రంగా ఉంటాయి. ఆయన ఎక్కడా తడబడలేదు.

మగవాళ్ల వైపు చివరి బల్ల మీద ఎవరో కిసుక్కుమన్నారు. కృపావతి ఆడవాళ్ల వైపు మూడో వరుసలో, ఆదివారపు బడి పిల్లల మధ్య ఉంది. తల మీద కొంగు సరిచేసుకుంది. దీవెన అయ్యేదాకా కూర్చుంది.

ఇంటికి వచ్చాక తెల్లకాగితం, పెన్ను తెచ్చి నా ముందు పెట్టింది.

"రాయండి."

"కృపా, పాస్టరుగారు ఒక్కరే చదువుతారని..."

"ఏటి రాసేరో మళ్లీ రాయండి. నాను సరిగ్గా ఇనలేదు."

రాశాను.

"సదవండి."

చదివాను.

"గొంతు లేవట్లేదేటి? ఆయన ఎనక బల్ల దాకా ఇనబడేలా సదివేడు. అలా సదవండి."

మూడుసార్లు చదివించింది. తర్వాత ఆ కాగితం నేల మీద పరిచి దాని మీద ఉల్లిపాయలు తరిగింది.

స్త్రీల సమాజం పెద్ద రత్నమణి బుధవారం నాడు అరటిపళ్లు పట్టుకుని వచ్చింది.

"ఏటే ఒదినా, మాతో ఒక్క ముక్క అనలేదు! ఎంతుంటాదేటి? బత్తాయికాయంతా?"

కృపావతి అరటిపళ్లు తీసి పళ్లెంలో పెట్టింది.

"సిగ్గెందుకే? మందిరమంతా ఇన్నాది. ఒకటి సెప్తాను, ఏటనుకోకు. ప్రభు బల్ల దగ్గర ద్రాక్షరసం గిన్నె అందరికీ ఒకటే కదా. మనోళ్లు కొంచెం ఎనకాడతన్నారు. నువ్వు ఆకర్న తాగితే ఎవులికీ పేచీ ఉండదు."

"నోటితోనే కదా ఒదినా తాగుతాను," అంది కృపావతి.

రత్నమణి పడీపడీ నవ్వింది. మెట్లు దిగుతూ ఆ మాట కుళాయి దగ్గరివాళ్లకు కూడా చెప్పి వెళ్లింది.

పిల్లలు ఆమెకు జారుబండ అని పేరు పెట్టారు. ఒకరోజు నేను ఏడో తరగతిలోకి వెళ్లేసరికి నల్లబల్ల మీద ఆ మాట పెద్ద అక్షరాలతో ఉంది. తుడిచి, భిన్నాల లెక్క వేశాను.

సెప్టెంబరు మొదటి ఆదివారం ప్రభు బల్ల దగ్గర కృపావతి అందరికంటే వెనక నిలబడింది. గిన్నె ఆమె దాకా వచ్చేసరికి అడుగున చుక్క లేదు. వట్టి గిన్నె పెదవులకు తాకించి తిరిగి ఇచ్చింది.

మర్నాడు ఏడో తారీకు. సంచి సర్దిపెట్టి ఉంది. ఆమె కదలలేదు.

"ఆ వార్డులో నర్సులు ముగ్గురూ మన మందిరం పిల్లలే. కాళ్లు కట్టి పడుకోబెడతారు. ఆదివారం వచ్చి నా పక్కన పాట పాడతారు. నాను రాను."

"పోనీ కాకినాడ తీసుకెళ్తాను."

"అక్కడా మందిరం ఉంటాది. గుమ్మం దగ్గర పెట్టె ఉంటాది. మీ సేతిలో పెన్ను ఉంటాది."

రింగు తానే లాగి పారేసింది. మళ్లీ పట్టీలే మిగిలాయి. గర్భసంచి ఇప్పుడు పూర్తిగా బయటే ఉండేది, గుడ్డ రాసుకుని పుండ్లు పడేవి. మూత్రానికి కూర్చుంటే చేత్తో పైకి ఎత్తి పట్టుకోవాల్సి వచ్చేది. వాసన వస్తుందని నీళ్లు తాగడం తగ్గించింది. జమాలున్నీసా పట్టీలకు రెండు పొరలు వేసి కుట్టేది. ఒకరోజు నన్ను గుమ్మంలో ఆపింది.

"మేస్టారూ, జబర్దస్తీగా తీస్కెళ్లిపొండి. రిక్షా నాను పిలుత్తాను."

"ఆమె రానంటోందమ్మా."

"అడక్కండా సీటీ రాసేరు గదా. అడక్కండా రిక్షా ఎక్కించలేరేటి?"

నేను కృపావతిని రిక్షా ఎక్కించలేదు. ఒకసారి అడగకుండా చేసిన పనికి ఇంత జరిగిందని, రెండోసారి భయపడ్డాను. ఆ భయానికి ఆమె ఇష్టాన్ని గౌరవించడం అని పేరు పెట్టుకున్నాను.

1984 మొదట్లో ఆమె ముఖం, పాదాలు ఉబ్బాయి. వాంతులు పట్టుకున్నాయి. స్పృహ తప్పాక రిక్షా ఎక్కించాను.

"గర్భసంచి కిందికి లాగడం వల్ల మూత్రం దిగే గొట్టాలు మెలిపడి ఏళ్లయింది," అన్నాడు ఆసుపత్రిలో డాక్టరు. "కిడ్నీలు రెండూ పోయాయి. ఆ రోజే ఆపరేషన్ చేయించి ఉంటే బతికేది. చదువుకున్నవాళ్లు, మీరేం చేశారండీ?"

ఆమె అప్పటికి ఇంకా ఊపిరి తీస్తోంది.

రెండో రోజు కొంతసేపు తెలివి వచ్చింది. నన్ను దగ్గరికి రమ్మంది. హెప్సీబా ఆ చీటీకి ముందే పెళ్లై వెళ్లి, ఖరగ్‌పూర్‌లో, రైల్వేలో పనిచేసే భర్త దగ్గర ఉంది. మందిరంలో జరిగింది ఆ పిల్లకు తెలియదు. ఎంత నోరున్నవాళ్లైనా తల్లి సంగతి కూతురి ముందు అనలేదు.

"పిల్లకి సెప్పకండి. కిడ్నీలని సెప్పండి, సాలు."

"అలాగే."

"ఈ ఒక్క పాలికి దాచండి. మాటివ్వండి."

మాటిచ్చాను. ఆమె నా ముఖంలోకి చాలాసేపు చూసింది. నమ్మినట్టు లేదు. మూడో రోజు పోయింది.

హెప్సీబా వచ్చి ఏడ్చి వెళ్లింది. కిడ్నీలని చెప్పాను.

పోయిన ఏడు, 1986లో, అల్లుడికి దువ్వాడ బదిలీ అయింది. అక్కడే హెప్సీబాకు రెండో కాన్పు. మూడు వారాల క్రితం ఆమె నుంచి ఉత్తరం వచ్చింది.

"నాన్నా, నీళ్ల బకెట్టు ఎత్తితే కింద ఏదో జారుతున్నట్టు బరువుగా ఉంటోంది. ఎవరితోనూ అనలేకపోతున్నాను. మీకు రాయడం కూడా తప్పేమో. అమ్మకు ఇలాంటిది ఎప్పుడైనా ఉండేదా? ఉంటే డాక్టరుకు చూపించుకుంటాను. లేదంటే బాలింత నీరసమేలే అని ఊరుకుంటాను."

దువ్వాడకు రైల్లో గంట పట్టదు. ఉత్తరమైతే మర్నాటికి అందుతుంది. కవర్లు కొన్నాను. బడి అయ్యాక రోజూ బల్ల ముందు కూర్చుంటున్నాను. ఉండేది అని ఒక్క మాట రాస్తే చాలు. ఆ మాట రాయబోతే కృపావతి చూసిన చూపు అడ్డం వస్తుంది, రాయకపోతే పిల్ల ఊరుకుంటుంది.

హెప్సీబాకు ఇంకా జవాబు రాయలేదు.