నాలుగో కన్నం

పాత నేరాల మీద తీసే టీవీ కార్యక్రమంలో అతనికి పంతొమ్మిదేళ్ల అనుభవం. సగం హంతకుడిగా, సగం హతుడిగా. హంతకుడైతే వీపు చూపిస్తారు, హతుడైతే కాళ్లు. ముఖం ఏనాడూ చూపించలేదు. అక్కడ అందరూ ముద్దుగా "శవంగారు" అంటారు. ప్రతి వారం కార్యక్రమం అయిపోగానే అక్క ఫోన్ చేస్తుంది. "మడమలు చూసి పోల్చుకున్నాన్రా చిన్నోడా. ఈసారి ఎవరు చంపారు నిన్ను?"

డైరెక్టరుకి ఒక పద్ధతుంది. నటులకి కథ చెప్పడు. ఎటు పడాలో చెబుతాడంతే. "కథ తెలిస్తే శవం కూడా నటించేస్తుంది" అంటాడు. అందుకే ఆ పొద్దున కూడా అతను ఏమీ తెలియకుండానే వెళ్లి చొక్కా కోసం చెయ్యి చాపాడు.

దుస్తులు చూసే ఆవిడ విసుగ్గా ఉంది. "మెల్లగా తొడుక్కోండి శవంగారూ. ఈ ఒక్క గుండీకే గంట పట్టింది. పోలీసు ఫొటోలో ఎలా ఉందో అచ్చం అలాగే ఉండాలట. ఎవడు కుట్టాడో మహానుభావుడు, గుండీకి ఉరేసినట్టు కుట్టాడు."

నీలం గళ్ల చొక్కా. అన్నీ తెల్ల గుండీలు, కింది నుంచి రెండోది మాత్రం కోటుకుండే నల్లది. ఎర్ర దారం. నాలుగు కన్నాల్లో మూడింట్లోంచే దారం వెళ్లింది. నాలుగోది వదిలేసి అంచు మీదుగా చుట్టేశారు.

అతని చేతులు అక్కడే ఆగిపోయాయి.

ఆ నాలుగో కన్నం పూడుకుపోయి ఉండేది. సూది దిగలేదు. అప్పుడతనికి తొమ్మిదేళ్లు. ఆ రోజు అన్నకీ అక్కకీ మాటా మాటా పెరిగింది. "నీ గుండీ నేను కుట్టను. పోతే పో, మళ్లీ మొహం చూపించకు" అంది అక్క. అన్న చొక్కా విప్పి తమ్ముడి ఒళ్లో పడేశాడు. "నువ్వు కుట్టరా దర్జీ." కుట్టాక తొడుక్కుని లాగి చూసి, "చచ్చినా ఊడదురా ఇది" అని నవ్వుతూ వెళ్లాడు. మళ్లీ రాలేదు. యాభై రెండేళ్లు.

అక్క ఇప్పటికీ అంటుంది, "ఎక్కడో పెళ్లాం పిల్లలతో బాగానే ఉండుంటాడు. పౌరుషం ఎక్కువ, అందుకే రాడు" అని. ఆ మాట పట్టుకునే ఇన్నాళ్లూ నిద్రపోయింది.

"ఎవరిదమ్మా ఈ చొక్కా?" అన్నాడు.

"తెలిస్తే ఇంకేం? రైలు పట్టాల పక్క గోదాములో పడి ఉన్నాడట. తల మీద కొట్టి చంపారు. కుర్రాడే. అడిగే దిక్కు లేక పోలీసులే పూడ్చారు." ఆవిడ ఫొటో అందించింది. వెనక తేదీ ఉంది. అన్న ఇల్లు వదిలిన మూడో రోజు.

వెళ్లి సుద్దగీతల మధ్య పడుకున్నాడు. కాళ్లే తీసుకెళ్లాయి.

"చెయ్యి కొంచెం పక్కకి. గుండీ కనపడాలి" అన్నాడు డైరెక్టరు. కాసేపటికి, "శవంగారూ, ఊపిరి కనపడుతోంది. పంతొమ్మిదేళ్లలో ఇదే మొదటిసారి." నలుగురూ నవ్వారు.

చెప్పాలనుకున్నాడు. ఆ నవ్వే ముఖాలతో ఎక్కడ మొదలుపెట్టాలో తోచలేదు. ప్రతి వారం చివర్లో, వివరాలు తెలిసినవారు ఫోన్ చేయండి అంటూ తెర మీద వేసే నంబరు గుర్తొచ్చింది. పడుకున్నచోటే ప్యాంటు జేబులోంచి ఫోన్ తీసి ఆ నంబరు నొక్కాడు.

పది అడుగుల దూరంలో అసిస్టెంటు బల్ల మీద ఫోన్ మోగింది.

"చెప్పండి."

"గోదాములో దొరికిన అబ్బాయి గురించి."

"అది ఇంకా తీస్తున్నామండీ. మీకెలా తెలిసింది?"

"ఆ గుండీ కుట్టింది నేనే. వాడు మా అన్న."

అసిస్టెంటు ఫోన్ చెవి దగ్గరే పెట్టుకుని మెల్లగా ఇటు తిరిగాడు. నవ్వులు ఆగిపోయాయి.

"ఇది అప్పుడే వేయకండి బాబూ" అన్నాడతను, ఇంకా ఫోన్లోనే. "మా అక్క నా మడమలే పోల్చుకుంటుంది. ఆ గుండీని పోల్చుకోదా? ముందు నేను ఇంటికెళ్లి చెప్పాలి."