ఎడమచేతి కుడుము

నూట పదహారు సినిమాలు కత్తిరించి అతికించినా ఎడిటర్ షాన్ గ్వేలాన్ చేతిలో ఒక్క తప్పూ దొర్లలేదని చైనాలోని చాంగ్‌చున్ స్టూడియోలో ప్రతీతి. దాన్ని ఊరంతా చాటింది దర్శకుడు మౌ దపావ్. ఫిల్ములో తప్పు కనిపిస్తే ముందు మీ కళ్లు కడుక్కుని రండి, తర్వాత షాన్‌ని అడుగుదురుగాని అనేవాడాయన, కొత్తగా చేరినవాళ్లతో.

కాని తప్పు ఒకటుంది. ఎనభై రెండులో మౌ తీసిన సినిమాలో కొత్తకోడలు కుడుము తినే ముక్క అది. ఫిల్ముకు ఒక పక్క మెరుపు, ఒక పక్క మసక; పక్క మారితే తెరమీద కుడి ఎడమవుతుంది. ఆ ఏటి మొదటి మంచు పడుతోందని కిటికీలోంచి చూస్తూ గ్వేలాన్ ఆ ముక్కను తిరగేసి అతికించింది. అంతవరకూ కుడిచేత్తో తిన్న కోడలు ఆ ఒక్క కుడుమూ ఎడమచేత్తో తింది. ప్రింట్లు ఊళ్లకు వెళ్లిపోయాక గాని ఆమెకు తెలియలేదు. ఎవరికీ చెప్పలేదు. ముప్పయ్యారేళ్లుగా ఆ సినిమా ఊసెత్తే సభలకు తప్పించుకు తిరిగింది.

ఇప్పుడా పాత ఫిల్మును కంప్యూటర్‌లో శుభ్రం చేస్తున్నారు. శనివారం స్టూడియో హాల్లో ఆట. ఒకసారి చూసి పెట్టమని కబురు రాగానే డెబ్బై నాలుగేళ్ల గ్వేలాన్ రెక్కలు కట్టుకుని వాలింది. మౌ కంట పడకముందే ఆ ముక్క తిప్పించెయ్యాలి.

ఫిల్ము శుభ్రం చేసే ల్వాన్ యూఫన్ నలభై దాటిన మనిషి. గ్లాసుతో వేడినీళ్లిచ్చి పక్కన కూర్చోబెట్టుకుంది. కుడుము రాగానే గ్వేలాన్ గొంతు తగ్గించి, ఇదొక్కటి తిప్పెయ్యమ్మా, మన ఇద్దరి మధ్యే ఉండనీ అంది.

"అది మాత్రం తిప్పను గురువుగారూ," అంది యూఫన్. "నాది ఎడమచెయ్యి. బళ్లో టీచరు స్కేలుతో కొట్టేది. ఇంట్లో మా అమ్మ నా చేతిలోంచి అన్నం తినే పుల్లలు లాగేసుకునేది. ఈ సినిమా మా నాన్న పనిచేసే మిల్లు హాల్లో ఆడినరోజు ఆయన లేచి నిలబడ్డాడు. అంత చక్కని కోడలే ఎడమచేత్తో తింటోంది, ఇక నా కూతురి జోలికి రాకండి అన్నాడు."

గ్వేలాన్ అప్పుడు గమనించింది. కంప్యూటర్ మౌస్ యూఫన్ ఎడమచేతి కిందే ఉంది. ఆ ముక్క అలాగే ఉండనీ, తర్వాతిది చూపించు అంది.

శనివారం ఆట అయ్యాక ఎనభై నాలుగేళ్ల మౌ వేదికెక్కాడు. ఆ కుడుము గురించి నన్ను అడగని ఊరు లేదన్నాడు. సంతోషం పట్టలేక కోడలికి చెయ్యి మారింది, రెండు రాత్రులు ఆలోచించి పెట్టానన్నాడు. హాలంతా చప్పట్లు.

గ్వేలాన్ వేదిక మీదికి నడిచింది. మైకు అందుకుంది.

"మౌగారూ, నా తప్పు నాకిచ్చెయ్యండి. కిటికీలోంచి మంచు చూస్తూ తిరగేసి అతికించాను. చేసింది నేను, పేరు మీదా?"

మౌ తెల్లబోయాడు. తర్వాత పొట్ట పట్టుకుని నవ్వాడు.

"ఇన్నేళ్లు మోశాక ఇప్పుడా అడగడం? సరే తల్లీ, తీసుకో."

తర్వాత యూఫన్‌తో కలిసి ముగ్గురూ క్యాంటీన్‌లో కుడుములు పెట్టించుకున్నారు. పందెం వేసుకుని ఎడమచేత్తో తిన్నారు. గ్వేలాన్ మొదటి కుడుము నంజుకునే వెనిగర్ గిన్నెలో పడి మౌ చొక్కా మీద చిందింది. యూఫన్ ఒక్కటీ జారనివ్వలేదు.